రెండు చందమామలున్న లోకానికి పంచాంగం కట్టడం ఎలా?

ప్రశ్న: ఏటిగడ్డ రచయిత్రి, బెంగళూరు

నమస్కారం. నేను బెంగళూరులో ఉద్యోగం చేస్తూ, సాయంత్రాల్లో తీరిక చేసుకుని తెలుగులో ఒక ఫాంటసీ నవల రాస్తున్నాను. కథ ఏటిగడ్డ అనే రాజ్యంలో జరుగుతుంది. ఆ లోకానికి రెండు చందమామలు. అక్కడి జనం పెద్దదాన్ని అక్క అనీ, చిన్నదాన్ని చెల్లి అనీ పిలుచుకుంటారు. కాలగణన కోసం మొదట్లో నేను వేసుకున్న లెక్క చాలా సులువైనది. ఏడాదికి సరిగ్గా 360 రోజులు, ముప్పై రోజుల చొప్పున పన్నెండు నెలలు. అక్కకు ఒక అమావాస్య నుంచి ఇంకో అమావాస్యకు 30 రోజులు, చెల్లికి 10 రోజులు. పగలూ రాత్రీ కలిపి రోజుకు పది సమానమైన భాగాలు.

పదకొండు అధ్యాయాలు రాశాక మొదటి నుంచి చదువుకుంటే లోటు ఎక్కడుందో తెలిసివచ్చింది. ఏ అధ్యాయంలోని తేదీని కొట్టేసినా కథకు వచ్చే నష్టం ఏమీ లేదు. అంతకంటే పెద్ద చిక్కు, కథకు ఆయువుపట్టైన జోడు అమావాస్య జాతరతో వచ్చింది. అక్కాచెల్లెళ్లిద్దరూ ఒకే రాత్రి కనిపించకుండా పోయినప్పుడు జనమంతా ఏటి ఒడ్డున చేరి, దీపం కూడా వెలిగించకుండా తెల్లవార్లూ కూర్చుంటారు. నా లెక్క ప్రకారం ఆ రాత్రి ప్రతి నెలా, అదీ ఒకే తేదీన వస్తుంది. నెలనెలా వచ్చే రాత్రి కోసం ఎవరు ఎదురుచూస్తారు?

ఈ విషయం మీద నాకు ఇంత పట్టుదల ఎందుకంటే, నేను చిన్నప్పటి నుంచీ రెండు కొత్త సంవత్సరాల నడుమ పెరిగినదాన్ని. మాకు ఉగాది అయిన కొన్ని రోజులకో కొన్ని వారాలకో పక్కింటి తమిళుల సంవత్సరాది వచ్చేది. 2025లో మా ఇంట్లో విశ్వావసు నామ సంవత్సరం మార్చి 30న మొదలైంది, వాళ్లింట్లో అదే విశ్వావసు ఏప్రిల్ 14న మొదలైంది. పేరొకటే, గోడ కూడా ఒకటే, మధ్యలో పదిహేను రోజులు. అటువంటి తేడా నా ఏటిగడ్డలో ఎక్కడా లేదు. నా లెక్కలో ఏం మార్చాలి, మార్చినదాన్ని పాఠకుడికి ఎంతవరకు చూపించాలి, యంత్రపు గడియారాలు లేనిచోట గంటలను ఎలా కొలవాలి అన్నవి నా సందేహాలు.

సమాధానం: గవిపురం పాఠకుడు, బెంగళూరు

మీ లెక్కలో ఉన్న దోషం ఒక్కటే, అందులో శేషం మిగలకపోవడం. మన ఆకాశంలో ఏదీ దేనితోనూ నిశ్శేషంగా భాగింపబడదు. అమావాస్య నుంచి అమావాస్యకు సగటున 29.53 రోజులు, అలాంటివి పన్నెండు కలిపితే 354 రోజుల పైచిలుకు. సూర్యుడి ఏడాది 365 రోజుల పైచిలుకు. ఏటా మిగిలిపోయే ఆ పదకొండు రోజులను ఏం చేయాలన్న దగ్గరే సమాజాలు వేర్వేరు దారులు పట్టాయి. మనవాళ్లు దాదాపు 32, 33 నెలలకొకసారి అధికమాసాన్ని చేర్చి, పండుగలు రుతువుల నుంచి జారిపోకుండా చూసుకున్నారు. హిజ్రీ పద్ధతిలో అటువంటి చేర్పు లేదు కనుక రంజాన్ నెల సుమారు 33 ఏళ్లలో రుతువులన్నింటినీ చుట్టి వస్తుంది. తమిళులు సంవత్సరారంభాన్ని సూర్యుడికే కట్టేసి చంద్రుడిని తిథులకూ పండుగలకూ ఉంచుకున్నారు. మీ గోడకు రెండువైపులా ఉన్న పదిహేను రోజుల తేడాకు మూలం అదే.

కనుక మీరు ఏడాదిని 384.4 రోజులు చేయండి. అక్కకు 31.2 రోజులు, చెల్లికి 9.6 రోజులు ఇవ్వండి. అక్క లెక్కన పన్నెండు నెలలంటే 374.4 రోజులు, అంటే సూర్యుడి ఏడాదికి పది రోజులు తక్కువ. మూడేళ్లు దాటేసరికి ఒక నెల వెనకబడతారు, అప్పుడు ఒక అధికమాసం కలపాలి. 25 ఏళ్లకు 9,610 రోజులు. ఎనిమిది అధికమాసాలతో కలిపి 308 నెలలకు 9,609.6 రోజులు. తేడా అర రోజు కూడా కాదు. మన లోకంలో 19 ఏళ్లకు 235 చాంద్రమాసాలు దాదాపుగా సరిపోతాయి కదా, మీకు ఆ పాత్రను ఈ 25 ఏళ్ల చక్రం పోషిస్తుంది.

ఇప్పుడు మీ జోడు అమావాస్య సంగతి. చెల్లి పదమూడు చుట్లు, అక్క నాలుగు చుట్లు రెండూ 124.8 రోజులే, కాబట్టి ఇద్దరూ నాలుగు నెలలకొకసారి కలిసి మాయమవుతారు. ఒక ఏడాది అది నాలుగు, ఎనిమిది, పన్నెండో నెలల్లో పడిందనుకుందాం. అధికమాసం చేరగానే ఆ తర్వాతి నెలల పేర్లన్నీ ఒక నెల చొప్పున జరుగుతాయి గనుక అది మూడు, ఏడు, పదకొండుకు మారుతుంది. మరో అధికమాసంతో రెండు, ఆరు, పది. ఇలా నాలుగు అధికమాసాలు గడిస్తే గానీ మొదటి అమరికకు తిరిగి రాదు, అందుకు పన్నెండున్నర ఏళ్లు పడుతుంది. మీ జాతర కోతల నెలలో పడే జోడు అమావాస్యకే జరగాలని నియమం పెట్టండి. అప్పుడు అది సుమారు మూడేళ్లపాటు వరసగా వచ్చి, ఆపైన తొమ్మిదేళ్లకు పైగా రాదు. ఆరేళ్ల పిల్ల తండ్రి భుజం మీద కూర్చుని చూసిన చివరి జాతర తర్వాత మళ్లీ ఆ చీకటిని చూసేనాటికి ఆమెకు పెళ్లీడు వస్తుంది. మనం పుష్కరాలతో వయసులు లెక్కపెట్టుకోవడం లేదా? 2015 గోదావరి పుష్కరాలకు చంకలో ఉన్న పిల్లవాడు 2027 పుష్కరాలకు తానే గోదావరిలో దిగి మునకలు వేస్తాడు.

అధికమాసం ఎప్పుడు చేర్చాలో ఎవరు ప్రకటిస్తారన్నది నన్నడిగితే మీ నవలకు అసలు ప్రశ్న. ఏడాది జీతానికి కుదిరిన పాలేరు పదమూడో నెల కూడా అదే జీతానికి పనిచేయాలా? నెలవడ్డీకి అప్పు తెచ్చుకున్నవాడు ఆ నెలకు కూడా వడ్డీ కట్టాలా? మన ఇళ్లలో అధికమాసంలో పెళ్లి ముహూర్తాలు పెట్టరు. 2023లో అధిక శ్రావణం వచ్చినప్పుడు వరలక్ష్మీ వ్రతం నిజ శ్రావణం దాకా ఆగింది. పెళ్లిని ఒక నెల ఆపగలిగిన అధికారం రాజుకు ఉందా, పూజారికి ఉందా?

ఇంకొక్క మాట. మీరు బెంగళూరులోనే ఉన్నారు కనుక ఒక మకర సంక్రాంతి సాయంత్రం గవి గంగాధరేశ్వరాలయానికి వెళ్లి రండి. పడమటి పొద్దు వెలుగు రాతి నంది కొమ్ముల మధ్య నుంచి గుహలోకి సాగి, లింగాన్ని తాకుతుంది. ఆవరణలో సూర్యపాన, చంద్రపాన అనే రెండు పెద్ద రాతి చక్రాలు కూడా ఉన్నాయి. ఆ జనసమ్మర్దంలో నిలబడి చూసినప్పుడు నాకు తోచింది ఇది. సూర్యుడు దక్షిణపు చివరి దాకా వెళ్లి వెనక్కి మళ్లే డిసెంబరు 21 దాటిన ఇరవై నాలుగు రోజులకు సూర్యుడు ఏ దారిన అస్తమిస్తాడో, దానికి ఇరవై నాలుగు రోజుల ముందు కూడా ఇంచుమించు అదే దారిన అస్తమిస్తాడు. అంటే నవంబరు చివరలో కూడా ఆ వెలుగు అక్కడికి రావలసిందే. రాయి మీద పడే వెలుగు ఏడాదిలో రెండు రోజులను చూపిస్తుంది. ఆ రెండింటిలో అసలైన రోజు ఏదో చెప్పడానికి ఒక మనిషి కావాలి. మీ పూజారికి అక్కడ పని దొరుకుతుంది.

సమాధానం: కార్తెల ఇల్లు, బెంగళూరు

పై సమాధానంలోని లెక్కలు నాకు బాగా నచ్చాయి. కానీ అవి మీ నోటుపుస్తకంలో ఉండవలసినవి, మీ పాత్రల నోట్లో కాదు. మాది అనంతపురం జిల్లాలో వర్షాధారపు వ్యవసాయం చేసిన ఇల్లు. మా నానమ్మ తన జీవితంలో ఒక్కరోజు కూడా తారీఖు చెప్పి మాట్లాడలేదు, అయినా ఏ పనీ వేళ తప్పలేదు. ఆమె పొద్దున్నే లేచేది వేగుచుక్కతో. ఎవరైనా ఆలస్యంగా నిద్రలేస్తే బారెడు పొద్దెక్కిందని మందలించేది. అంబటిపొద్దుకు చేను నుంచి మనిషి రాకపోతే గుమ్మంలోకి వచ్చి చూసేది. పశువులు ఇంటికి చేరే వేళ, దీపాలు పెట్టే వేళ, ఊరు సద్దుమణిగే వేళ అన్నవి ఆమెకు గంటల కంటే కచ్చితమైన గుర్తులు.

మీకు పనికివచ్చే సంగతి ఇంకొకటి ఉంది. ఆమె నోట ఒకేసారి రెండు పంచాంగాలు నడిచేవి. పండుగా, వ్రతమూ, ఏరువాక పున్నమీ తిథుల ప్రకారం, అంటే చంద్రుడి ప్రకారం. విత్తనం మాత్రం కార్తెల ప్రకారం. సూర్యుడు ఒక్కొక్క నక్షత్రంలో ఉండే పదమూడు, పద్నాలుగు రోజులను కార్తె అంటాం, అవి ఏడాదికి ఇరవై ఏడు. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయన్నది మే నెల చివరి ఎండను గురించిన మాట. మృగశిర జూన్ మొదటి పక్షంలో వస్తుంది, ఆ తర్వాత ఆరుద్ర. వాన సూర్యుడి వెంట వస్తుంది, చంద్రుడి వెంట కాదు. చంద్రుడి నెల ఒక ఏడాది ముందుకూ మరో ఏడాది వెనక్కూ జరుగుతుంది. అందుకే చదువు రాని రైతు కూడా విత్తనాన్ని తిథికి కట్టలేదు. మీ ఏటిగడ్డలో గుడి అక్కను అనుసరిస్తే, పొలం సూర్యుడిని అనుసరించాలి, జాలరివాళ్లో పశువుల కాపరులో చెల్లిని అనుసరించాలి. తొమ్మిదిన్నర రోజుల చెల్లి చుట్టు సంతకు సరిగ్గా సరిపోతుంది. మన వారం చేసే పనిని అక్కడ చెల్లి చేస్తుంది.

అన్నింటికంటే ముందు, ఏటిగడ్డలో ఏం పండుతుందో నిర్ణయించుకోండి. బసవనగుడిలో కార్తీకమాసపు చివరి సోమవారం జరిగే కడలెకాయి పరిషేకు, అంటే వేరుశనగకాయల జాతరకు, నేను ఏటా వెళ్తాను. పెద్ద బసవన్న గుడి దారి పొడుగునా పచ్చి కాయలు, వేయించిన కాయలు, ఉడకబెట్టిన కాయలు రాశులు పోసి ఉంటాయి. కాలి కింద పొట్టు నలుగుతుంటుంది. ఆ తేదీ చాంద్రమాసంతోనూ వారంతోనూ కట్టినది, అయినా అక్కడికి వచ్చే ఏ రైతుకూ ఆ లెక్క అవసరం లేదు, ఎందుకంటే ఆ వేళకు కాయ చేతికి వచ్చి ఉంటుంది. మీ నెలల పేర్లు కూడా అలా పుట్టాలి. నాలుగో నెల అని రాసినచోట కోతల నెల అని రాసి చూడండి, మీ తేదీలను ఇక ఎవరూ కొట్టేయలేరు.

ఏటిగడ్డ రచయిత్రి

మీ ఇద్దరికీ మనఃపూర్వక కృతజ్ఞతలు. గుడికి అక్క, పొలానికి సూర్యుడు, సంతకు చెల్లి అన్న విభజన చదవగానే నా కథలో ఇంతవరకు ఊరికే నిలబడి ఉన్న మూడు పాత్రలకు ఒకరితో ఒకరికి పేచీ పుట్టింది. ఇక మిగిలింది రోజు లోపలి కాలం. పది సమభాగాలన్న నా పాత ఏర్పాటును ఉంచవచ్చా? ఒక ఘట్టంలో కోట తలుపు మూసే వేళ చాలా కీలకం. కావలివాడికి ఆ వేళ ఎలా తెలుస్తుంది?

సమాధానం: గిన్నె గడియారం, బెంగళూరు

సమభాగాలు ఉండవచ్చు, కానీ వాటిని ఎవరో ఒకరు కొలవాలి. మన పాత పద్ధతిలో రోజుకు అరవై గడియలు, గడియకు అరవై విగడియలు. గడియ అంటే 24 నిమిషాలు, విగడియ అంటే 24 సెకన్లు. ఏడున్నర గడియలు ఒక జాము, రోజుకు ఎనిమిది జాములు. అడుగున సన్నటి రంధ్రం ఉన్న రాగి గిన్నెను నీటి మీద వదిలితే అది పగలూ రాత్రీ కలిపి అరవైసార్లు మునగాలని సూర్యసిద్ధాంతం అనే పాత ఖగోళ గ్రంథం చెబుతుంది. గడియారం అన్న మాటలో ఇప్పటికీ ఆ గడియే ఉంది.

రెండేళ్ల క్రితం మా పిల్లల కోసం నేను అలాంటి గిన్నెను ఇంట్లో తయారుచేశాను. పలచటి రాగి గిన్నెకు సన్నటి మేకుతో చిల్లు పెట్టి బకెట్ నీళ్ల మీద వదిలితే మొదటిసారి ఏడు నిమిషాలకే మునిగింది. చిల్లును మైనంతో పూడ్చి సూదితో మళ్లీ పొడుస్తూ, గిన్నె అంచుకు కాస్త బరువు కడుతూ తీసేస్తూ, ఇరవై నాలుగు నిమిషాలకు తీసుకురావడానికి మూడు ఆదివారాలు పట్టింది. చిల్లులోంచి నీరు ఊటలా లోపలికి ఉబుకుతుంది. చాలాసేపు ఏమీ జరగనట్టే ఉంటుంది. చివరి అర నిమిషంలో గిన్నె ఒక పక్కకు ఒరిగి గుబుక్కున మునుగుతుంది. ఆ చప్పుడు వినగానే గిన్నెను తీసి, నీళ్లు పారబోసి, వెంటనే మళ్లీ వదలాలి. ఆలస్యమైన ప్రతి క్షణమూ ఆ రోజు లెక్కలోంచి పోతుంది. డిసెంబరు తెల్లవారుజామున చల్లటి నీటిలో అదే గిన్నె మధ్యాహ్నం కంటే నింపాదిగా మునిగింది. నీటిలో చిన్న నలక పడినా చాలు, గడియ సాగిపోతుంది. గణితవేత్త భాస్కరాచార్యుడి కూతురు లీలావతి పెళ్లి ముహూర్తం వేళ గిన్నెలో ముత్యం జారిపడి చిల్లుకు అడ్డుపడిందన్న కథ మనవాళ్లలో ఉండనే ఉంది. మీ కావలివాడి చేతిలో కోట తలుపు మాత్రమే కాదు, ఆ గిన్నె కూడా ఉంటుంది.

మరొక పద్ధతి పగటిని భాగించడం. రాహుకాలం అందరూ గంటన్నర అనుకుంటారు, కానీ అది పగటిలో ఎనిమిదో వంతు. బెంగళూరులో జూన్ చివరి పగలు సుమారు 12 గంటల 50 నిమిషాలు, డిసెంబరు చివరి పగలు సుమారు 11 గంటల 20 నిమిషాలు. ఆ లెక్కన రాహుకాలం ఒకప్పుడు 96 నిమిషాలు, మరొకప్పుడు 85 నిమిషాలు. ఇక్కడ తేడా కొద్దిపాటిదే. మీ రాజ్యం ధ్రువం వైపు జరిగేకొద్దీ అది పెరుగుతుంది. వేసవి భాగం సాగి, చలికాలపు భాగం కుంచించుకుపోతుంది. ఉత్తరాదినుంచి వచ్చిన సైనికుడు మూడో భాగం అన్నప్పుడు అతని మనసులో ఉన్న పొడవు వేరు, ఏటిగడ్డ కావలివాడి మనసులో ఉన్న పొడవు వేరు.

రోజు ఎప్పుడు మొదలవుతుందో కూడా తేల్చండి. మనకు సూర్యోదయంతో వారం మారుతుంది. అందుకే అర్ధరాత్రి దాటాక పుట్టిన బిడ్డను గురించి మన పెద్దవాళ్లు తెల్లవారితే శనివారం అనగా పుట్టాడంటారు, శుక్రవారమే రాయిస్తారు. ఆస్పత్రి కాగితం మీద శనివారం ఉంటుంది. సూర్యాస్తమయంతో రోజు మొదలుపెట్టే సమాజాలూ ఉన్నాయి. ఆ తేడాతో ఒక ఒప్పందాన్ని భంగం చేయవచ్చు, ఒక ప్రాణాన్ని కాపాడనూ వచ్చు.

సమాధానం: నుంగంబాక్కం నుంచి, చెన్నై

ఇంతవరకు అందరూ ఏటిగడ్డకు ఒకే కాలం ఉన్నట్టు మాట్లాడారు, అక్కడ నేను విభేదిస్తున్నాను. ప్రతి ఊరి మధ్యాహ్నం ఆ ఊరిదే. బెంగళూరు చెన్నైకి దాదాపు రెండున్నర డిగ్రీలకు పైగా పడమరన ఉంది, డిగ్రీకి నాలుగు నిమిషాల చొప్పున మీ నడిమింట సూర్యుడు మా కంటే సుమారు పదకొండు నిమిషాలు ఆలస్యం. 1792లో మా నుంగంబాక్కంలో నెలకొన్న వేధశాల నిర్ణయించే మద్రాసు కాలం గ్రీనిచ్‌కు 5 గంటల 21 నిమిషాలు ముందుండేది. రైళ్లు చాలాకాలం దానినే పాటించాయి. దేశమంతటికీ ఒకే కాలం 1906లో వచ్చింది. రాజధాని కాలాన్ని పొలిమేర ఊళ్ల మీద రుద్దడం మీ కథలో ఒక రాజకీయ చర్య కాగలదు.

అలాగే లెక్కకూ ఆకాశానికీ మధ్య పేచీ. అదే వేధశాలలో పనిచేసిన చింతామణి రఘునాథాచార్యులు 1867లో ఒక చరతారను, అంటే వెలుగు హెచ్చుతగ్గులయ్యే నక్షత్రాన్ని, కనిపెట్టారు. కంటికి కనబడే గ్రహస్థితికి సరిపోయేలా పంచాంగాన్ని సవరించాలని దృగ్గణితం కోసం పాటుపడ్డారు. పూర్వపద్ధతి పంచాంగానికీ దృగ్గణిత పంచాంగానికీ తిథి ముగిసే వేళలో తేడా వచ్చి, పండుగ ఏ రోజన్న వాదన ఇప్పటికీ మన ఇళ్లలో జరుగుతూనే ఉంది. పైన చెప్పిన 25 ఏళ్ల చక్రంలో 0.4 రోజు మిగిలింది కదా, దాన్ని చిన్నదని వదిలేయకండి. 250 ఏళ్లకు అది నాలుగు రోజులవుతుంది. తాతల నాటి పట్టిక అమావాస్య అని చెప్పిన రాత్రి ఆకాశంలో సన్నటి నెలవంక కనబడితే జాతర జరగాలా, ఆగాలా? నెలవంక నిజం, పట్టిక పవిత్రం. నేనైతే నవల మొత్తాన్ని ఆ రాత్రి మీద నిలబెడతాను.

ఏటిగడ్డ రచయిత్రి

మూడు రాత్రులు కూర్చుని 25 ఏళ్ల పట్టిక మొత్తాన్ని చేత్తో రాశాను. చెన్నై నుంచి రాసినవారు చెప్పిన నాలుగు రోజుల తేడాను స్వీకరించాను. రాజ్యం పుట్టి 250 ఏళ్లయిందని ఇంతకుముందే రెండో అధ్యాయంలో రాసి ఉన్నాను కనుక ఏమీ మార్చవలసిన పని కూడా లేకపోయింది. పది సమభాగాలను తీసేశాను. కోటలో గిన్నె ఉంటుంది, ఊళ్లో పొద్దు ఉంటుంది; ఈ రెండూ కలవని సాయంత్రమే తలుపు మూతపడుతుంది. కార్తెల ఇల్లు గారడిగినదానికి సమాధానంగా, ఏటిగడ్డలో కొర్రలు పండుతాయి.

పదకొండో అధ్యాయం ఇదివరకు "నాలుగో నెల, ముప్పయ్యో రోజు" అని మొదలయ్యేది. ఇప్పుడు ఇలా మొదలవుతుంది: "కొర్రకంకి వంగింది. తొమ్మిదేళ్ల తర్వాత మళ్లీ అక్కాచెల్లెళ్లిద్దరూ మాయమవుతారని గుడి చాటించిన రాత్రి, సంత ముగించుకుని ఏటికి అడ్డంగా నడిచి వస్తున్న ముసలి జాలరి తలెత్తి పడమటి దిక్కు చూసి, గోటిగిల్లంత వెలుగును చూపించి, మనవరాలి చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు."